‘కాసాబ్లాంకా’లో ఆ హెడ్ వెయిటర్ ఎవరు? ఎప్పుడూ ఆ బాబాయి వేషాలేనా?

మీరు అడిగినవి రెండు. ‘కాసాబ్లాంకా’లో రిక్ కెఫేలో గుండ్రటి కళ్లజోడు పెట్టుకుని, బుగ్గలు ఊగుతుండగా టేబుళ్ల మధ్య తిరిగే ఆ లావుపాటి హెడ్ వెయిటర్ ఎవరన్నది మొదటిది. 1940ల నాటి హాలీవుడ్ సినిమా ఏది పెట్టినా ఎక్కడో ఒకచోట తగులుతున్నాడు, ప్రతిసారీ ఆ కంగారు బాబాయే, ఇంత బాగా చేసే మనిషి పెద్ద నటుడు ఎందుకు కాలేకపోయాడన్నది రెండోది.

మొదటిదానికి జవాబు ఒక్క ముక్క. పేరు సోకె సకాల్, హంగేరీవాడు, అమెరికా టైటిల్స్‌లో ఎస్. జెడ్. సకాల్. రెండోదానికే కాస్త తీరిగ్గా చెప్పాలి. ఎందుకంటే ఆయన పెద్ద నటుడు కాలేకపోయినవాడు కాదు. ముందే అయ్యి, అదంతా పోగొట్టుకుని, యాభై ఆరేళ్లు దాటాక రాని భాషలో మళ్లీ మొదలుపెట్టినవాడు. మనం చూస్తున్నది ఆ రెండో ఇన్నింగ్స్ మాత్రమే.

పుట్టింది 1883 ఫిబ్రవరి 2న, బుడాపెస్ట్‌లో, యూదు కుటుంబంలో. అసలు పేరు యాకబ్ గ్రూన్‌వాల్డ్. చదువుకునే రోజుల్లోనే అక్కడి వెరైటీ థియేటర్లకి కామెడీ స్కెచ్‌లు రాసి అమ్మేవాడు. సోకె సకాల్ అంటే బంగారు రంగు గడ్డంవాడు అని. కలం పేరుగా పెట్టుకున్నది చివరికి అసలు పేరైపోయింది. నా మటుకు నాకు ఆయన జీవితంలో అన్నింటికంటే ముఖ్యమైన సంగతి ఇదే: నటుడు కాకముందు రచయిత. నవ్వు ఎక్కడ మొదలవుతుందో, ఎక్కడ ఆపితే పేలుతుందో కాగితం మీద నేర్చుకుని స్టేజీ ఎక్కాడు. తర్వాత హాలీవుడ్‌లో అరపేజీ వేషాలు ఇచ్చినా వాటిలోంచి రెండు నవ్వులు తీయగలిగాడంటే ఆ చేయి తిరిగిన రాతే కారణం.

మొదటి ప్రపంచ యుద్ధం నాటికే బుడాపెస్ట్ స్టేజీ మీద పేరున్న కమెడియన్. 1920ల్లో వియన్నా వెళ్లి క్యాబరేల్లో ఆడాడు, అక్కణ్ణించి బెర్లిన్. మూకీల చివరి రోజుల్లో జర్మన్ సినిమాల్లోకి వచ్చాడు, టాకీలు రాగానే అందుకున్నాడు. 1930లో వచ్చిన ‘జ్వాయ్ హెర్ట్సెన్ ఇమ్ డ్రైఫీర్టెల్ టాక్ట్’ యూరప్ అంతా ఆడిన సంగీత చిత్రం, అందులో ఉన్నాడు. 1931లో ‘ఈరె మాయెస్టేట్ డి లీబె’లో కథానాయిక తండ్రి వేషం వేశాడు. ఆ సినిమాని అదే ఏడాది హాలీవుడ్ ‘హర్ మెజెస్టీ, లవ్’ అని ఇంగ్లీషులో తీస్తే, సకాల్ వేసిన వేషాన్ని అక్కడ ఎవరికిచ్చారో తెలుసా? డబ్ల్యూ. సి. ఫీల్డ్స్‌కి. అమెరికన్ కామెడీలో అప్పటికే కొమ్ములు తిరిగిన మనిషి. బెర్లిన్‌లో సకాల్ ఏ స్థాయిలో ఉన్నాడో అంచనా వేసుకోవడానికి ఈ ఒక్కటి చాలు.

1933లో నాజీలు వచ్చారు. జర్మన్ స్టూడియోల తలుపులు యూదు నటులకి మూసుకున్నాయి. సకాల్ మూటాముల్లె సర్దుకుని బుడాపెస్ట్ చేరాడు, హంగేరీ సినిమాల్లో, ఆస్ట్రియా సినిమాల్లో పని వెతుక్కున్నాడు. అది మాత్రం ఎన్నాళ్లు? 1938లో ఆస్ట్రియాని హిట్లర్ కలిపేసుకున్నాడు. అదే ఏడాది హంగేరీ పార్లమెంటే మొదటి యూదు చట్టం చేసింది: నాటకాల్లో, సినిమాల్లో పని చేయాలంటే ‘చాంబర్’ అనే వృత్తి సంఘంలో సభ్యత్వం ఉండాలి, అందులో యూదుల వాటా 20 శాతం దాటకూడదు. మరుసటి ఏడాది రెండో చట్టం, ఇంకా బిగించి. సొంత ఊళ్లో, సొంత భాషలో నవ్వించడానికి కూడా కోటా.

అప్పుడు అక్కరకొచ్చినవాడు జో పాస్టర్‌నాక్. ఈయనా ఆ గడ్డ వాడే. యూనివర్సల్ కంపెనీకి బెర్లిన్, వియన్నా, బుడాపెస్ట్‌లలో సినిమాలు తీసిపెట్టి, 1936లో హాలీవుడ్ చేరి, డియానా డర్బిన్ అనే టీనేజీ పాటల పిల్లతో వరసగా హిట్లు కొట్టి మంచి ఊపు మీద ఉన్న నిర్మాత. సకాల్ పని ఎలాంటిదో యూరప్ రోజుల నుంచి ఎరిగినవాడు. 1940లో వచ్చిన డర్బిన్ సినిమా ‘ఇట్స్ ఎ డేట్’ సకాల్‌కి మొదటి అమెరికన్ వేషం. అదే ఏడాది ‘స్ప్రింగ్ పరేడ్’లో వియన్నా బేకరీ యజమాని.

ఇక్కడొక్కసారి ఆగి ఆయన పరిస్థితి చూడండి. స్కెచ్‌లు రాసుకుని, మాట విరుపు మీద బతికిన మనిషి. హంగేరియన్‌లో, జర్మన్‌లో ఏ పదం మీద ఆగితే హాలు ఘొల్లుమంటుందో తెలిసినవాడు. కొత్త దేశంలో ఆ ఆస్తి చెల్లదు. ఇంగ్లీషు అంతంతమాత్రం, యాస గట్టిది, ఆ వయసులో పోయేది కాదు. ఇలా వచ్చిన నటులు చాలామంది అక్కడే ఆగిపోయారు. బెర్లిన్‌లో నాటకాలు ఏలినవాళ్లు హాలీవుడ్‌లో పేరు లేని శరణార్థి వేషాలకి, ఇంకా ఘోరం, నాజీ ఆఫీసర్ల వేషాలకి మిగిలారు. తమని తరిమినవాళ్ల యూనిఫాం వేసుకుని పొట్టపోసుకోవాల్సి వచ్చింది.

సకాల్ చేసింది వేరు. మాట తగ్గించి వినడం మీద పడ్డాడు. ఆయన సినిమాలు వరసగా చూసేవాళ్లకి ఒకటి తెలుస్తుంది: ఆయన నవ్వు ఎక్కువగా ఎదుటివాడి డైలాగ్ మీద వస్తుంది. ఎవరో ఒక మాట అంటారు. ఈయన ముఖంలో అది మెల్లగా ఇంకుతుంది. అర్థమైందనుకుంటాడు, కాలేదని తెలుస్తుంది, అప్పుడు నిజంగా అర్థమవుతుంది, రెండు చేతులూ వెళ్లి రెండు చెంపల మీద పడతాయి, బుగ్గలు గిలగిల్లాడతాయి. యాసని దాచుకునే ప్రయత్నం లేదు. ఇంగ్లీషుతో కుస్తీ పడుతున్న మనిషిగానే కనిపిస్తాడు, ఆ కుస్తీనే కామెడీ చేస్తాడు. 1941లో దర్శకుడు హోవర్డ్ హాక్స్ తీసిన ‘బాల్ ఆఫ్ ఫైర్’లో ఎన్‌సైక్లోపీడియా రాసే ఎనిమిది మంది ప్రొఫెసర్లలో ఒకడు. గుంపులో గోవిందా అయిపోవాల్సిన వేషం. కథానాయిక బార్బరా స్టాన్‌విక్ గదిలోకి రాగానే ఆ ముసలాళ్ల ముఖాలు ఒక్కోటి చూసుకుంటూ వెళ్లండి, ఈయన దగ్గర మీ కన్ను ఆగుతుంది.

ఇక ‘కాసాబ్లాంకా’. 1942లో వార్నర్ బ్రదర్స్ హెడ్ వెయిటర్ కార్ల్ వేషం ఇస్తామంటే ముందు వద్దన్నాడు. చిన్నదని. తర్వాత, నాలుగు వారాల పని గ్యారంటీ ఇస్తేనే చేస్తానన్నాడు. బేరం మూడు వారాల దగ్గర తెగింది. వారానికి 1,750 డాలర్లు, మొత్తం 5,250. క్యారెక్టర్ ఆర్టిస్టు బతుకంతా ఈ లెక్కలోనే ఉంది. వేషం ఎంత గొప్పదని కాదు, ఎన్ని వారాలని. యాభై తొమ్మిదేళ్ల మనిషి, కొత్త దేశం, అడిగింది న్యాయమే. వేషం చిన్నదే అయినా నిలబడింది. తెర మీద ఈయన కనిపించే సమయం అదే సినిమాలో వేసిన పీటర్ లోరీ కంటే, సిడ్నీ గ్రీన్‌స్ట్రీట్ కంటే ఎక్కువ. పోస్టర్ మీద వాళ్ల పేర్లు పెద్దవి, అది వేరే సంగతి.

ఈ సినిమాలో ఆయన్ని ఎక్కడ చూడాలో మూడు చోట్లు చెబుతాను.

ఒకటి, మాటే లేనిది. జేబుదొంగ ఒకడు ఉంటాడు గుర్తుందా, ‘జాగ్రత్తండీ, ఊరంతా రాబందులే’ అని హితబోధ చేస్తూ పర్సులు కొట్టేసేవాడు. వాడు కెఫేలోంచి వెళ్తూ కార్ల్‌కి తగిలి, క్షమించమని మర్యాదగా అంటాడు. కార్ల్ కూడా మర్యాదగానే తలూపి, మరుక్షణం గాభరాగా తన జేబులన్నీ తడుముకుంటాడు. అంతే సీను. రెండు మూడు సెకన్లు. ఆ దొంగ వేషం వేసిన కుర్ట్ బోయిస్ కూడా బెర్లిన్ స్టేజీ నుంచి పారిపోయి వచ్చిన యూదు నటుడే. ఒకే గూటి పక్షులు ఇద్దరు, సగం చెంచాడు జాగాలో పూర్తి స్కెచ్ ఆడేశారు.

రెండోది, కెఫే యజమాని రిక్ మా టేబుల్ దగ్గరకొచ్చి ఒక గ్లాసు తీసుకుంటాడా అని ఒకావిడ అడిగే చోటు. ఆయన కస్టమర్లతో తాగరంటాడు కార్ల్. పక్కనున్న పెద్దమనిషి, నేను ఆమ్‌స్టర్‌డామ్‌లో రెండో అతిపెద్ద బ్యాంకు నడిపానని చెప్పి చూడమంటాడు. కార్ల్ జవాబు: మొదటి బ్యాంకు ఆయన ఇప్పుడు మా వంటింట్లో కేకులు చేస్తున్నాడు, వాళ్ల నాన్న బెల్‌బాయ్. ఈ మాటని ఎత్తిపొడుపుగా అనొచ్చు, జాలిగా అనొచ్చు. సకాల్ రెండూ చెయ్యడు. మెనూలో ఏమున్నాయో చెప్పినంత మామూలుగా చెప్పి వెళ్లిపోతాడు. యూరప్ మొత్తం తలకిందులైందన్న సంగతి ఆ మామూలుతనంలోనే తెలుస్తుంది మనకి.

మూడోది లాయిష్టాగ్ దంపతులు. అమెరికా వెళ్లబోతున్న ముసలి జంట. కార్ల్ వాళ్లకి మంచి బ్రాందీ తెచ్చి పోస్తాడు, సిబ్బంది మాత్రమే తాగే సరుకంటూ. వాళ్లు ఇక జర్మన్ మాట్లాడకూడదని ఒట్టు పెట్టుకున్నారు, ఇంగ్లీషే మాట్లాడతారు. టైమెంతైందని భర్త అడగడం, భార్య చెప్పడం, రెండూ జర్మన్‌ని మక్కీకి మక్కీ దింపిన ఇంగ్లీషులో. కార్ల్ శ్రద్ధగా విని, అమెరికాలో మీకే లోటూ ఉండదని మెచ్చుకుంటాడు. మనకి నవ్వొస్తుంది. ఆయన నవ్వడు. నవ్వి ఉంటే సీను చచ్చేది. కొద్ది కాలం కిందట అదే ఇంగ్లీషుతో ఓడ దిగిన మనిషి, ఎదురుగా కూర్చున్న లుడ్విగ్ ష్టోసెల్, ఇల్కా గ్రూనింగ్ కూడా నాజీల వల్లే దేశం వదిలినవాళ్లు. వెక్కిరింపు ఎక్కణ్ణించి వస్తుంది?

ఆ సినిమా సెట్టే అలాంటిది లెండి. టైటిల్స్‌లో పేరున్న 14 మందిలో అమెరికాలో పుట్టినవాళ్లు ముగ్గురే. దర్శకుడు మైకెల్ కర్టిజ్ బుడాపెస్ట్‌లో మిహాయ్ కెర్టేస్. సకాల్ కంటే మూడేళ్లు చిన్న, ఈయన ఇంగ్లీషూ సకాల్ ఇంగ్లీషుకి తమ్ముడే. పీటర్ లోరీ పుట్టినప్పుడు వాళ్ల ఊరు కూడా హంగేరీ రాజ్యంలోదే, ఇప్పుడు స్లొవేకియాలో ఉంది. చెక్ విప్లవ నాయకుడికి హంగేరియన్లు పెట్టుకునే లాస్లో అన్న పేరు ఎలా వచ్చిందని అడక్కండి, వార్నర్ వాళ్లకి అవన్నీ ఒకటే.

ఇంకో సంగతి కూడా చెప్పాలి, చెప్పడం కష్టమే. హాలీవుడ్‌లో ఈయన చెంపలు వాయించుకుంటూ నవ్విస్తున్న సంవత్సరాల్లోనే అక్కడ యూరప్‌లో ఆయన వాళ్లని నాజీలు చంపేశారు. ముగ్గురు అక్కచెల్లెళ్లూ పోయారు. మేనకోడలు పోయింది. భార్య అన్నా తరఫున ఆమె తోబుట్టువులు ఇద్దరు. కాన్సంట్రేషన్ క్యాంపుల్లో. ఇది తెలిశాక ఆయన కామెడీలో ఏదో విషాదం ఉందని వెతికేవాళ్లున్నారు. నాకైతే కనపడలేదు. ఉద్యోగానికి వచ్చేటప్పుడు దాన్ని గుమ్మం బయట వదిలి వచ్చాడని మాత్రం అనిపిస్తుంది.

యుద్ధం ముగిసిన 1945లో ‘క్రిస్మస్ ఇన్ కనెక్టికట్’ వచ్చింది. ఆయన హాలీవుడ్ వేషాల్లో నాకు బాగా ఇష్టమైనది ఇదే, కార్ల్ కంటే కూడా. స్టాన్‌విక్ ఒక పత్రికలో వంటల కాలమ్ రాస్తుంటుంది, పల్లెలో ఇల్లు, భర్త, పాపాయి ఉన్నట్టు. నిజానికి గుడ్డు ఉడికించడం కూడా రాదు. వంటకాలన్నీ చెప్పిపెట్టేది ఫీలిక్స్ బాబాయి, న్యూయార్క్‌లో రెస్టారెంట్ నడిపే హంగేరియన్. పత్రిక యజమాని క్రిస్మస్‌కి మీ ఇంటికొస్తానని కూర్చుంటాడు, ఇక గందరగోళం. అరువు ఇల్లు, అరువు పాప, వంటింట్లో ఫీలిక్స్. ఆ ఇంట్లో ఐరిష్ పనిమనిషి నోరా ఐరిష్ స్టూ వండుతుంటుంది. ఫీలిక్స్ వచ్చి, రుచి చూసి, ఆవిడ చూస్తుండగానే పాప్రికా కారం దట్టంగా చల్లి, ఇప్పుడిది గూలాష్ (హంగేరీవాళ్ల మాంసం కూర) అంటాడు. అవతల ఆవిడ ముఖం, ఇవతల ఈయన తృప్తి. పాప్రికా పడని కూర కూరేనా అన్న నమ్మకం ఆ కళ్లలో నిజంగా ఉంటుంది. సిడ్నీ గ్రీన్‌స్ట్రీట్ కూడా ఉన్నాడు ఇందులో, పత్రిక యజమానిగా. ‘కాసాబ్లాంకా’లో ఇద్దరినీ చూసినవాళ్లకి అదో సరదా.

ఇక ముద్ర సంగతి. మన సూర్యకాంతంగారికి గయ్యాళి అత్త ముద్ర పడ్డట్టే ఈయనకి ముద్దుల బాబాయి ముద్ర పడింది. జాక్ వార్నర్ ఈయనకి ‘కడల్స్’ అని పేరు తగిలించాడు. ముద్దొచ్చే బొద్దుమనిషని. తర్వాత టైటిల్స్‌లో కూడా ఎస్. జెడ్. ‘కడల్స్’ సకాల్ అనే వేశారు. ఆయనకి ఆ పేరు నచ్చేది కాదు. అరవై దాటిన మనిషిని, రెండు దేశాల్లో తెరని ఏలిన మనిషిని, కుక్కపిల్లని పిలిచినట్టు పిలిస్తే ఎవరికి నచ్చుతుంది! అయినా మార్కెట్లో ఆ పేరే అమ్ముడైంది. బదులు తీర్చుకున్నది మాత్రం తన పాత విద్యతోనే. 1954లో ఆత్మకథ వేశాడు, దాని పేరు తెలుగులో చెప్పుకుంటే: ‘కడల్స్ కథ: ఫ్రాన్జ్ జోసెఫ్ చక్రవర్తి, అడాల్ఫ్ హిట్లర్, వార్నర్ బ్రదర్స్ ఏలుబడిలో నా జీవితం’. ముగ్గురు పాలకుల వరసలో స్టూడియోని మూడోదిగా నిలబెట్టాడు. యాభై ఏళ్ల కింద స్కెచ్‌లు అమ్ముకున్న కుర్రాడి చెయ్యి పోలేదు.

వార్నర్ వాళ్లు అరగదీశారన్నది మాత్రం నిజం. ఎర్రల్ ఫ్లిన్ కౌబాయ్ సినిమా ‘శాన్ ఆంటోనియో’లో వేశారు, ‘మోంటానా’లో వేశారు. డోరిస్ డే మొదటి సినిమా ‘రొమాన్స్ ఆన్ ది హై సీస్’తో మొదలుపెట్టి ‘మై డ్రీమ్ ఈజ్ యువర్స్’, ‘టీ ఫర్ టూ’, ‘లల్లబై ఆఫ్ బ్రాడ్‌వే’ దాకా వరసగా ఆమె పక్కన పెట్టారు. వీటిలో చాలావాటిలో ఈయనకి పనేమీ లేదు, కంగారు పడటం తప్ప. వీటిని చూసే ఇంతేనా ఈయన అనుకుంటే తప్పు మీది కాదు.

ఏం దక్కలేదో తెలియాలంటే ఒక పోలిక చూడండి. మిక్లోష్ లాస్లో అనే హంగేరియన్ రచయిత బుడాపెస్ట్ అత్తరు కొట్టు మీద రాసిన నాటకాన్ని 1940లో దర్శకుడు ఎర్నెస్ట్ లూబిచ్ ‘ది షాప్ అరౌండ్ ది కార్నర్’గా తీశాడు, కథని బుడాపెస్ట్‌లోనే ఉంచి. కొట్టు యజమాని వేషం అమెరికన్ నటుడు ఫ్రాంక్ మోర్గన్‌ది. ఆ యజమానికి భార్య మోసం చేసిందని తెలుస్తుంది, ప్రాణం తీసుకోబోతాడు, క్రిస్మస్ రాత్రి మంచులో ఒంటరిగా నిలబడతాడు. గొప్ప వేషం. అదే కథని 1949లో పాస్టర్‌నాక్ ‘ఇన్ ది గుడ్ ఓల్డ్ సమ్మర్‌టైమ్’ అని జూడీ గార్లాండ్‌తో మళ్లీ తీశాడు, ఈసారి షికాగోలో వాయిద్యాల కొట్టుగా మార్చి. యజమాని సకాల్. బుడాపెస్ట్ మనిషి దొరికేసరికి బుడాపెస్ట్ పోయింది! పెళ్లాం మోసం, తుపాకీ, ఒంటరితనం అన్నీ ఎత్తేశారు. బదులుగా ఒక స్ట్రాడివేరియస్ వయొలిన్ ఇచ్చారు. ఖరీదైన వయొలిన్, దాన్ని భరించలేనట్టు వాయించే యజమాని, పళ్లు బిగపట్టి వినే గుమాస్తాలు. సకాల్ దాన్ని కడుపుబ్బ నవ్వేలా చేశాడు, మూకీల నాటి కామెడీ దిగ్గజం బస్టర్ కీటన్ పక్కన ఉండి కూడా తన వాటా తను తీసుకున్నాడు. కానీ ఆ మంచులో నిలబడే సీను ఈయనకిచ్చి ఉంటే! ముగ్గురు అక్కచెల్లెళ్లని పోగొట్టుకున్న మనిషికి ఒంటరితనం నటించడం రాదనుకున్నారా, లేక కడల్స్ ఏడిస్తే టికెట్లు తెగవనుకున్నారా? రెండోదే అయ్యుంటుంది.

మీ రెండో ప్రశ్నకి నా జవాబు ఇదే. నటుడిలో లోటు లేదు, యాసతో వచ్చిన ముసలివాడికి అప్పటి హాలీవుడ్ దగ్గర ఉన్నవి రెండు బీరువాలే: ఒకటి విలన్లది, ఒకటి బాబాయిలది. లోరీని మొదటిదాంట్లో పెట్టారు, ఈయన్ని రెండోదాంట్లో. దాదాపు పదిహేనేళ్లు ఆ బీరువాలో ఉండి కూడా పని ఆగకుండా చూసుకున్నాడు.

చివరి సినిమా 1954లో ‘ది స్టూడెంట్ ప్రిన్స్’, అదీ పాస్టర్‌నాక్ నిర్మాణమే. 1955 ఫిబ్రవరి 12న, డెబ్బై రెండు నిండిన పది రోజులకి, గుండెపోటుతో పోయాడు. గ్లెండేల్‌లోని ఫారెస్ట్ లాన్‌లో సమాధి ఉంది.

చూడటం ఎక్కడ మొదలుపెట్టాలంటే, ‘కాసాబ్లాంకా’ మీరు చూశారు కాబట్టి ఈసారి హీరో బోగార్ట్‌ని వదిలేసి కార్ల్ వెనకాలే వెళ్లండి. లాస్లోతో పాటు రహస్య సమావేశానికి వెళ్లి వచ్చే చోట ఆ కంగారు మనిషి ఎంత గుండె గలవాడో కనిపిస్తుంది. తర్వాత ‘క్రిస్మస్ ఇన్ కనెక్టికట్’, ఆ తర్వాత లూబిచ్ సినిమా, ‘సమ్మర్‌టైమ్’ పక్కపక్కనే. వీలైతే 1951 నాటి ‘ఇట్స్ ఎ బిగ్ కంట్రీ’లో పాప్రికా అమ్మే హంగేరియన్ తండ్రి భాగం ఒక్కటీ చూడండి. గ్రీకులంటే పడని ఆయన కూతురు జీన్ కెల్లీ వేషం వేసిన గ్రీకు కుర్రాణ్ణి ప్రేమిస్తుంది, మిగతాది ఊహించుకోవచ్చు. డోరిస్ డే సినిమాలు పాటల కోసం చూడండి, ఈయన కోసం కాదు.

ఒక్క జాగ్రత్త: ‘క్రిస్మస్ ఇన్ కనెక్టికట్’ వెతికితే 1992లో టీవీకి తీసిన రీమేక్ కూడా వస్తుంది, ఆర్నాల్డ్ ష్వార్జ్‌నెగర్ దర్శకత్వంలో. పేరు అదే కాబట్టి పొరపాటున అది పెట్టుకుని, సకాల్ ఎక్కడని నన్ను అడగొద్దు. నలుపు తెలుపుల్లో ఉన్నదే చూసి పెట్టుకోండి.